పది లక్షల డాలర్ల పిచర్ 25 బంతులకే దిగిపోయింది. మన పిల్లల్ని ఈ ఆటలో ఎంతవరకు పంపాలి?

ఫ్రిస్కో_నాన్న
2025 జూన్ 6, శుక్రవారం రాత్రి ఓక్లహోమా సిటీలో జరిగిన అమెరికా కాలేజీ అమ్మాయిల సాఫ్ట్‌బాల్ ఫైనల్ (టెక్సాస్ యూనివర్సిటీకీ టెక్సాస్ టెక్‌కీ మధ్య మూడు మ్యాచ్‌ల్లో ఆఖరిది) మా ఇంట్లో అందరం కూర్చుని చూశాం. మా అమ్మాయికి పన్నెండేళ్లు, ట్రావెల్ టీమ్‌లో (ఊరూరా తిరిగి టోర్నమెంట్లు ఆడే టీమ్) పిచర్, అంటే బంతి వేసేది. గోడ మీద నిజారీ క్యానడీ బొమ్మ, పది లక్షల డాలర్ల ఒప్పందంతో టెక్సాస్ టెక్‌కి వచ్చిన పిచర్. మొదటి ఇన్నింగ్స్‌లోనే టెక్సాస్‌కి ఐదు పరుగులు వచ్చాయి, క్యానడీని దించేశారు, 25 బంతులు అంతే. మా పిల్ల ఏడుస్తూ లేచి వెళ్లిపోయింది. నాకు బాధ వేసింది అది కాదు. పొద్దున్న లేచేసరికి మా వాట్సాప్ గ్రూప్‌లో "పది లక్షలు బూడిదలో పోశారు" అని ఒకరు, "డబ్బు రాగానే ఆట పోయింది" అని ఇంకొకరు. అప్పటిదాకా ఆ టోర్నమెంట్‌లో టెక్సాస్ టెక్ తరఫున ప్రతి బంతీ ఆ ఒక్క అమ్మాయే వేసింది, అది ఎవరికీ గుర్తు లేదు. నా ప్రశ్న రెండు ముక్కలు. ఆమె ఓడిపోయిందా, ఆమెను అలిసిపోయేలా చేశారా? రెండోది నా సొంతం. మా పిల్ల టీమ్‌లో కూడా ఇదే జరుగుతోంది, ఒక శని ఆదివారాల్లో నాలుగు మ్యాచ్‌లు వేయించారు. సోమవారం పొద్దున పళ్లు తోముకోవడానికి చెయ్యి లేవలేదు. కోచ్‌ని అడిగితే "అండర్‌హ్యాండ్ కదా, దానికి ఏమీ కాదు" అన్నారు. నిజమేనా?

హుక్ఎమ్_హర్ష
నేను ఆస్టిన్ వాడిని కాబట్టి నాకు ఆ రాత్రి పండగే, టెక్సాస్‌కి ఇది మొట్టమొదటి టైటిల్, 10-4. కానీ బూడిద మాట తప్పు. మొదటి మ్యాచ్‌లో ఆరో ఇన్నింగ్స్ దాకా మేం 0-1 వెనక ఉన్నాం. మా బ్యాటర్ రీస్ ఆట్‌వుడ్‌ని కావాలని వాక్ చేయిద్దామనుకుని (అందనంత దూరంగా నాలుగు బంతులు వేసి, కొట్టనివ్వకుండా ఫస్ట్ బేస్‌కి పంపేయడం) క్యానడీ బయటకు వేసిన నాలుగో బంతి చాలినంత బయటకు పోలేదు, ఆట్‌వుడ్ ఒంగి కొట్టింది, రెండు పరుగులు, 2-1. ఆ ఒక్క బంతి సరిగ్గా పడితే కప్పు టెక్సాస్ టెక్ ఊరు లబ్బక్‌కి పోయేదేమో. అంత దగ్గర.

లబ్బక్_గ్రాడ్
నేను టెక్సాస్ టెక్‌లోనే ఎంఎస్ చేశాను. మా రోజుల్లో లబ్బక్‌లో సాఫ్ట్‌బాల్ చూడ్డానికి ఎవరైనా వెళ్లారంటే ఫ్రీగా టీషర్ట్ ఇస్తారని. అసలు ఈ ఏడాదికి ముందు టెక్ ఉమెన్స్ కాలేజ్ వరల్డ్ సిరీస్‌కి (ఈ ఫైనల్ జరిగే టోర్నమెంట్) ఎప్పుడూ రాలేదు, తన కాలేజీల లీగ్ బిగ్ 12 గెలవలేదు. ఈ అమ్మాయి వచ్చిన మొదటి ఏడాదే రెండూ అయ్యాయి. సెమీస్‌లో ఎవరిని కొట్టారు? 2021 నుంచి 2024 దాకా వరసగా నాలుగు సార్లు గెలిచిన ఓక్లహోమాని, వాళ్ల రాష్ట్రంలోనే. ఆఖరిదైన ఏడో ఇన్నింగ్స్‌లో హోమర్ (మన సిక్సర్ లాంటిది) కొట్టి వాళ్లు సమం చేశాక మనవాళ్లు ఆఖరి బ్యాటింగ్‌లో 3-2తో ముగించారు. బూడిద అన్నవాళ్లకి ఈ మ్యాచ్ పంపండి.

పాత_బౌలర్_గుంటూరు
ఆడిందెవరో నాకు తెలీదు, అడ్డు ప్రశ్న అనుకోకండి. కింది నుంచి చెయ్యి తిప్పి వేసే బంతికి పది లక్షల డాలర్లా? నేను జిల్లా స్థాయిలో పేస్ బౌలింగ్ వేశాను, రోజుకి ఇరవై ఓవర్లు. మాకు ఏ భుజం నొప్పీ రాలేదు. పెద్ద పసుపు బంతి, చిన్న గ్రౌండ్. ఇందులో అంత కష్టం ఏముంది?

లెక్కల_మాస్టారు
గుంటూరు గారూ, లెక్క చెప్తాను, మీరే తేల్చండి. కాలేజీ సాఫ్ట్‌బాల్‌లో పిచర్ కాలు పెట్టే చోటు నుంచి ప్లేట్‌కి, అంటే బ్యాటర్ నిలబడే చోటికి 43 అడుగులు, అంటే 13 మీటర్లు. గంటకి 70 మైళ్లు, అంటే 112 కిలోమీటర్ల వేగంతో వేస్తే ఆ దూరం దాటడానికి 0.42 సెకన్లు. మన పిచ్ 22 గజాలు, 20 మీటర్లు. 140 వేగంతో వేసినా 0.52 సెకన్లు పడుతుంది, పైగా మన బంతి నేలకి తగిలి కాస్త నెమ్మదిస్తుంది. పిచర్ ముందుకు దూకి వదులుతుంది కాబట్టి అసలు దూరం 43 కూడా ఉండదు. బ్యాటర్‌కి మీ 140 బంతి కంటే తక్కువ టైమ్ ఉంటుంది. అమెరికా పిచర్ మోనికా ఆబట్ 2012లో 77 మైళ్ల వేగంతో వేసింది, అప్పట్లో అది గిన్నిస్ రికార్డు. పెద్ద బంతి అన్న మాట నిజమే, చుట్టుకొలత 12 అంగుళాలు. కానీ బ్యాట్ సన్నం.

పాత_బౌలర్_గుంటూరు
0.42 అంటే ఒప్పుకోవాల్సిందే. చూడాలి ఒక మ్యాచ్.

ఫిజియో_సుధ
అసలు ప్రశ్నకి వద్దాం. ఫ్రిస్కో నాన్న గారూ, "అండర్‌హ్యాండ్ కదా ఏమీ కాదు" అనేది చాలా పాత మాట, తప్పు మాట. విండ్‌మిల్ పిచ్‌లో చెయ్యి గుండ్రంగా ఒక చుట్టు తిరిగి తుంటి పక్కన ఒక్కసారిగా ఆగుతుంది. ఆ ఆపే పని ఎక్కువగా జబ్బ కండరం మీద, అది భుజం లోపల అతుక్కునే చోట పడుతుంది. అందుకే ఈ పిల్లలకి నొప్పి భుజం ముందు వైపు వస్తుంది, బేస్‌బాల్ అబ్బాయిల్లాగా మోచేతిలో కాదు. తర్వాత నడుం, దూకి దిగే కాలు. నా దగ్గరికి వచ్చే పిచర్ పిల్లల్లో సగం మందికి ఆట ఆపినా రెండు వారాలు నొప్పి పోదు. మీ అమ్మాయి పళ్లు తోముకోలేకపోయిందంటే అది మామూలు అలసట కాదు. ముందు చూపించండి, కోచ్ మాట తర్వాత. పన్నెండేళ్లకి ఎముక చివరలు ఇంకా పెరుగుతూనే ఉంటాయి.

ఇద్దరు_ఆడపిల్లల_అమ్మ
సుధ గారు చెప్పింది ప్రింట్ తీసి మా కోచ్‌కి ఇవ్వాలనిపిస్తోంది. బేస్‌బాల్ ఆడే మా అన్నయ్య కొడుక్కి వయసు ప్రకారం ఇన్ని బంతులు, ఇన్ని రోజుల రెస్ట్ అని పట్టిక ఉంది, దాటితే గ్రౌండ్‌లోకి దిగనివ్వరు. మా అమ్మాయికి అది లేదు. కాలేజీలో కూడా లేదట. ఎందుకు? ఆడపిల్లల చెయ్యి చెయ్యి కాదా? ఈ ప్రశ్న అడిగినప్పుడల్లా నాకు కోపం వస్తుంది, క్షమించాలి.

టోపెకా_తెలుగు
నేను పదహారేళ్లుగా టోపెకాలో ఉంటున్నాను, క్యానడీ మా ఊరి పిల్ల. టోపెకా హైలో బాస్కెట్‌బాల్ కూడా ఆడింది. ఆమె కెరీర్ మొత్తం చెప్పకుండా ఆ 25 బంతులు మాత్రమే చెప్తుంటే మనసు ఒప్పడం లేదు, అందుకే రాస్తున్నాను.

కాన్సాస్ నుంచి స్టాన్‌ఫర్డ్ వెళ్లింది. 2023లో ఫస్టియర్, ఈఆర్ఏ 0.57, అంటే పూర్తి ఏడు ఇన్నింగ్స్ వేస్తే సగటున ఒక్క పరుగు కూడా ఇవ్వదు. దేశంలోనే అందరికంటే తక్కువ, అది పద్దెనిమిది పంతొమ్మిదేళ్ల పిల్లకి. ఆ ఏడు స్టాన్‌ఫర్డ్ వరల్డ్ సిరీస్ సెమీస్ దాకా వచ్చింది, ఓక్లహోమా చేతిలో తొమ్మిది ఇన్నింగ్స్ ఆడి ఓడింది. 2024లో 24 గెలుపులు, 337 స్ట్రైకౌట్లు (బ్యాటర్ కొట్టలేక మూడు స్ట్రైక్‌లకి ఔటవడం), ఈఆర్ఏ 0.73, దేశంలో ఉత్తమ కాలేజీ ప్లేయర్ అవార్డు. మళ్లీ సెమీస్, ఈసారి టెక్సాస్ చేతిలో 1-0. ఒక్క పరుగు ఇచ్చి ఓడిపోవడం ఎలా ఉంటుందో ఆలోచించండి. ఆ వేసవిలో టెక్‌కి మారింది. ఒప్పందం 10,50,024 డాలర్లు. పది లక్షలు ఆమెకి, యాభై వేలు ఇల్లూ ఖర్చులకి, ఆ చివరి 24 ఆమె జెర్సీ నంబర్. సాఫ్ట్‌బాల్‌లో అంత మొత్తం అంతకు ముందు ఏ కాలేజీ అమ్మాయికీ రాలేదు. టెక్‌లో బ్యాటింగ్ కూడా చేయనిచ్చారు, హోమర్లూ కొట్టింది. మూడేళ్లలో మూడుసార్లు వరల్డ్ సిరీస్. ఇది విఫలమైన కెరీర్ అయితే గెలిచిన కెరీర్ ఎలా ఉంటుందో నాకు తెలియదు.

లబ్బక్_గ్రాడ్
టోపెకా అన్నా, ఒకటి కలపండి. ఆ మూడో మ్యాచ్‌కి ముందే వచ్చే ఏడాదికి ఇంకో ఒప్పందం అయిపోయింది, 12 లక్షల డాలర్లు అని వార్తలు వచ్చాయి. అంటే డబ్బు పెట్టినవాళ్లకి తెలుసు వాళ్లకి ఏం దక్కిందో.

హుక్ఎమ్_హర్ష
అన్ని పొగడ్తలూ ఒప్పుకుంటాను, కానీ ఒకటి అడుగుతాను లబ్బక్ బ్రో. మీ టీమ్‌లో వేరే పిచర్లు లేరా? మాకు పిచర్ టీగన్ కావన్ ఉంది, ఇంకా ఉన్నారు. మీరు బుధ, గురు, శుక్ర వరసగా ఒకే అమ్మాయిని దించారు. మావాళ్లు ఆమె రైజ్ బాల్‌ని (పైకి లేచినట్టు కనిపించే బంతి) ఎన్నిసార్లు చూశారో లెక్కపెట్టండి. మూడో రోజుకి బ్యాటర్లకి అలవాటైపోతుంది, చేతికి అలసట వస్తుంది, రెండూ కలిస్తే మొదటి ఇన్నింగ్స్ అలాగే ఉంటుంది. ఇది ఆమె తప్పు కాదు, బెంచ్ మీద నిర్ణయం.

లబ్బక్_గ్రాడ్
ఆమె వేస్తానంటే ఏ కోచ్ ఆపుతాడు? గురువారం రెండో మ్యాచ్ 4-3తో గెలిపించింది ఆమే కదా. గెలిచిన పిచర్‌ని కూర్చోబెట్టి ఓడితే ఇదే హర్ష వచ్చి "క్యానడీని ఎందుకు దించలేదు" అని రాసేవాడు.

ఫిజియో_సుధ
"ఆమె వేస్తానంది" అనేది నాకు నచ్చని మాట. ఇరవై ఒకటేళ్ల ఆటగత్తె ఫైనల్ రోజు వెయ్యనని అంటుందా? అడగడమే తప్పు, చూసి చెప్పాల్సింది పెద్దవాళ్లు. క్యానడీకి ఏమైనా అయిందని నేను అనడం లేదు, అది నాకు సంబంధం లేదు. ఆ పద్ధతి గురించి చెప్తున్నాను.

లెక్కల_మాస్టారు
ఈ పద్ధతి కొత్తది కాదు. 2007 వరల్డ్ సిరీస్‌లో ఆరిజోనా పిచర్ టరీన్ మొవాట్ ఎనిమిది మ్యాచ్‌లు, 60 ఇన్నింగ్స్, 1,035 బంతులు ఒక్కతే వేసి కప్పు తెచ్చింది. ఎదురుగా టెనెసీ తరఫున మోనికా ఆబట్. ఆమెవి నాలుగేళ్లలో 2,440 స్ట్రైకౌట్లు, 189 గెలుపులు, కాలేజీ రికార్డులు. అంత చేసిన ఆబట్‌కి కూడా టైటిల్ రాలేదు. మొదటి మ్యాచ్ గెలిచి, రెండోది పది ఇన్నింగ్స్ ఆడి 1-0తో ఓడి, మూడోదీ పోయింది. క్యానడీకి కప్పు రాలేదని ఏడ్చిన పాపకి ఆబట్ పేరు చెప్పండి.

ఇంకొకటి. 2008 బీజింగ్ ఒలింపిక్స్‌లో జపాన్ పిచర్ యుకికో ఉయెనో ఒకే రోజు రెండు మ్యాచ్‌లు వేసింది, రెండూ ఎక్స్‌ట్రా ఇన్నింగ్స్‌లోకి వెళ్లాయి, 318 బంతులు. మర్నాడు ఫైనల్లో 95. మొత్తం 413. అమెరికాని 3-1తో ఓడించి బంగారం.

అనంత_షార్ట్‌స్టాప్
మాస్టారూ, ఉయెనో పేరు వినగానే రోమాలు లేచాయి. మాది అనంతపురం. స్కూల్ గేమ్స్‌లో సాఫ్ట్‌బాల్ ఆడాను, స్టేట్ దాకా వెళ్లాను, ఇప్పుడు గవర్నమెంట్ స్కూల్లో పీఈటీ. మాకు అప్పట్లో టీమ్ మొత్తానికి నాలుగు గ్లౌజులు. ఫీల్డింగ్ మారినప్పుడు గ్లౌజు గ్రౌండ్‌లోనే వదిలేసి వెళ్లేవాళ్లం, ఎదుటి టీమ్ వాళ్లు తొడుక్కునేవాళ్లు. మా స్కూల్ అమ్మాయిల టీమ్ పిచర్ ఒక పల్లెటూరి అమ్మాయి, వాళ్ల నాన్న వేరుశనగ రైతు. బావిలోంచి నీళ్లు తోడిన చెయ్యి, ఎవరూ కొట్టలేకపోయేవాళ్లు. ఆమెకి రెండో పిచర్ అనేది ఉండేదే కాదు, జిల్లా మీట్‌లో ఒకే రోజు మూడు మ్యాచ్‌లు. నేషనల్స్ సెలెక్షన్‌కి ముందు భుజం పట్టేసింది. సార్ "అమృతాంజనం రాయి" అన్నారు. అక్కడితో ఆట అయిపోయింది. సర్టిఫికెట్ లేకపోతే స్పోర్ట్స్ కోటా లేదు. మొన్న కనపడింది, ఇప్పటికీ బిందె ఆ భుజానికి ఎత్తుకోదు.

ఉయెనో 413 బంతులు గొప్పే, ఎవరూ కాదనరు. కానీ ఆ ఒక్క కథ చెప్పి ఎంతమంది పిల్లల చేత వేయించారో.

ఫ్రిస్కో_నాన్న
అన్నా, మీ పోస్ట్ మా ఆవిడకి చదివి వినిపించాను. ఇద్దరం చాలాసేపు మాట్లాడలేదు.

లెక్కల_మాస్టారు
అనంత గారు చెప్పింది నిజం, నేను రికార్డు చెప్పి ఆపేశాను. ఉయెనో 39 ఏళ్లకి టోక్యోలో మళ్లీ బంగారం గెలిచింది, ఆ ఫైనల్లో ఎదురుగా అమెరికా తరఫున మొదలుపెట్టింది క్యాట్ ఆస్టర్‌మన్, 38 ఏళ్లు. నిలబడ్డవాళ్ల పేర్లే మనకి తెలుస్తాయి, అది నేను ఆలోచించలేదు.

ఇద్దరు_ఆడపిల్లల_అమ్మ
సరే, చెయ్యి బాగుందనుకుందాం. కాలేజీ నాలుగేళ్లు అయ్యాక ఏంటి? నాకు అసలు భయం అదే. క్యానడీకి పది లక్షలు వచ్చాయి, అలాంటివాళ్లు దేశంలో ఎంతమంది? మా ఇంటికి ట్రావెల్ టీమ్ ఫీజు, హోటళ్లు, పిచింగ్ లెసన్లు కలిపితే ఏడాదికి ఒక పాత కారు కొనొచ్చు. చివరికి వచ్చేది సగం స్కాలర్‌షిప్. ఆ డబ్బు బ్యాంకులో వేసుకుంటే ట్యూషన్ ఫీజుకి సరిపోతుంది అని మా ఆయన అంటారు.

హుక్ఎమ్_హర్ష
ఆ లెక్క కరెక్టే మేడమ్. 2021 జులై దాకా కాలేజీ ప్లేయర్‌కి తన పేరు మీద డబ్బు తీసుకునే హక్కే లేదు. ఫైనల్ మూడో మ్యాచ్ జరిగిన రోజే, జూన్ 6న, కోర్టులో ఇంకో పెద్ద ఒప్పందానికి ఆమోదం వచ్చింది. ఇక కాలేజీలే నేరుగా ఆటగాళ్లకి డబ్బు ఇవ్వొచ్చు, ఒక్కో కాలేజీకి మొదటి ఏడాది 2 కోట్ల 5 లక్షల డాలర్ల దాకా. కానీ దాంట్లో సింహభాగం ఫుట్‌బాల్, బాస్కెట్‌బాల్ అబ్బాయిలకే పోతుందని అందరూ అంటున్నారు. సాఫ్ట్‌బాల్‌కి మిగిలేది ఎంతో చూడాలి.

టోపెకా_తెలుగు
కాలేజీ తర్వాత ఏంటి అంటే, ఇదివరకు జపాన్ తప్ప పెద్దగా దారి లేదు. ఆబట్ అక్కడ టొయోటా టీమ్‌కి ఏళ్ల తరబడి ఆడింది. 2016లో ఇక్కడ టెక్సాస్‌లో ఒక ప్రో టీమ్ ఆమెకి ఆరేళ్లకి పది లక్షల డాలర్ల కాంట్రాక్ట్ ఇచ్చిందని పెద్ద వార్త, కానీ అసలు జీతం ఏడాదికి 20,000, మిగతాది స్టేడియానికి జనం వస్తే వచ్చే బోనస్. అంత గొప్ప పిచర్‌కి అది పరిస్థితి. ఇప్పుడు ఫైనల్ అయిన మర్నాడే, జూన్ 7న, నాలుగు టీమ్‌లతో కొత్త లీగ్ మొదలైంది, మేజర్ లీగ్ బేస్‌బాల్ వాళ్లు కూడా డబ్బు పెట్టారు. అది నిలబడాలని కోరుకుంటున్నాను. 2028 ఒలింపిక్స్‌లో సాఫ్ట్‌బాల్ మళ్లీ వస్తోంది, మ్యాచ్‌లు లాస్ ఏంజెలెస్‌లో కాదు, ఇదే ఓక్లహోమా సిటీ స్టేడియంలో.

పాత_బౌలర్_గుంటూరు
మీరు చెప్పిన సెమీస్ చూశాను, టెక్ ఓక్లహోమా మ్యాచ్. ఏడో ఇన్నింగ్స్‌లో టెన్షన్‌తో కాఫీ చల్లారిపోయింది. ఆ పైకి లేచే బంతి ఏంటండీ, కింది నుంచి వేస్తే పైకి లేస్తోంది? నా మొదటి పోస్ట్ వెనక్కి తీసుకుంటున్నాను. అయితే ఒక మాట. మాకు కోచ్ "ఇంకో ఓవర్" అంటే వేసేవాళ్లం. నాకు నొప్పి రాలేదన్నాను, కానీ మా జట్టులో ముగ్గురికి వచ్చింది, వాళ్లు మానేశారు. అనంత తమ్ముడి పోస్ట్ చదివాకే వాళ్లు గుర్తొచ్చారు.

ఫిజియో_సుధ
గుంటూరు గారూ, ఆ మాట రాసినందుకు థాంక్స్.

లబ్బక్_గ్రాడ్
ఒక పక్క మాట. అందరూ డబ్బు కోసమే మారతారు అనుకోకండి. జోర్డీ బాల్ అనే పిచర్ ఓక్లహోమాలో రెండు టైటిల్స్ గెలిచి, 2023 సిరీస్‌లో బెస్ట్ ప్లేయర్ అయ్యి, సొంత రాష్ట్రం నెబ్రాస్కాకి వెళ్లిపోయింది. 2024లో మొదటి మ్యాచ్‌లోనే మోకాలు పోయి సీజన్ మొత్తం బయట. ఈ ఏడాది తిరిగొచ్చింది. అంటే ఒక్క రోజులో అంతా పోవచ్చు, అందుకే డబ్బు వచ్చినప్పుడు తీసుకున్న పిల్లని నేను ఎప్పటికీ తప్పు పట్టను.

ఇద్దరు_ఆడపిల్లల_అమ్మ
ఇది ఒప్పుకుంటాను. మగపిల్లాడికి అదే డబ్బు వస్తే "ఎదిగాడు" అంటారు.

అనంత_షార్ట్‌స్టాప్
ఫ్రిస్కో అన్నా, అడక్కపోయినా సలహా ఇస్తున్నాను. నేను ఇప్పుడు మా స్కూల్లో ప్రతి టీమ్‌కి ముగ్గురు పిచర్లని తయారు చేస్తాను, ఇద్దరు బాగా వేయకపోయినా సరే. మ్యాచ్ ఓడినా సరే. స్కోరర్ పక్కన ఒక పిల్లని కూర్చోబెట్టి బంతికో చింతగింజ డబ్బాలో వేయిస్తాను. డబ్బా నిండితే పిచర్ మారాల్సిందే, ఫైనల్ అయినా. మొదట్లో పిల్లలే గొడవ చేశారు. ఇప్పుడు వాళ్లే డబ్బా పట్టుకొస్తారు.

ఫ్రిస్కో_నాన్న
మూడు వారాల తర్వాత రాస్తున్నాను. అమ్మాయిని డాక్టర్‌కి చూపించాం, భుజం ముందు వైపు వాపు, సుధ గారు చెప్పినట్టే. ఇరవై రోజులు బంతి ముట్టుకోలేదు. కోచ్‌తో మాట్లాడాను, గొడవ పడలేదు, అనంత అన్న చింతగింజల డబ్బా గురించి చెప్పాను. ఆయన నవ్వలేదు, రెండో పిచర్‌ని చూస్తానన్నారు. చూడకపోతే టీమ్ మారుస్తాం, అది ఇంట్లో నిర్ణయం అయిపోయింది. ఆబట్ సంగతి పిల్లకి చెప్పాను మాస్టారూ. "అయితే ఆమె తర్వాత ఏం చేసింది" అని అడిగింది. జపాన్, ఒలింపిక్స్, 77 మైళ్లు అన్నీ చెప్పాను. నిన్న మళ్లీ గ్రౌండ్‌కి వెళ్లింది, ఫస్ట్ బేస్ దగ్గర ఫీల్డింగ్ చేసింది, పిచింగ్ లేదు. ఇంట్లో చింతగింజలు లేవు, వాళ్ల అమ్మ కాబూలీ సెనగలు ఒక డబ్బాలో పోసి ఇచ్చింది, వచ్చే వారానికి.